పొద్దటి ఎండ, మాపటి ఎండ

మొన్న మా తోడల్లుడి కూతురి పెళ్లికి కరీంనగర్ వెళ్తే, అక్కడ వీడియో తీసే అతను పెళ్లికూతుర్ని మంటపం మెట్లు మూడుసార్లు ఎక్కించి దించాడు. మొదటిసారి వెలుతురు చాలలేదట, రెండోసారి పళ్లేలు మోసే మనిషి అడ్డం వచ్చాడట, మూడోసారి ఎందుకో ఆయనకే తెలియాలి. నేను కాస్త ముందుకు వంగి, ఆ లైటును ఏ మూలకు జరిపితే ముఖం మీద వెలుగు పడుతుందో చెప్పబోతే, "అంకుల్, జర పక్కకు జరుగుండ్రి, అడ్డమొస్తున్నరు" అన్నాడు. గోదావరిఖని బొగ్గు గనుల్లో మొట్టమొదటి సినిమా దర్శకుణ్ణి, నిర్మాతను, మాటల రచయితను పక్కకు జరగమన్నాడు. జరిగాను. పక్కనే కూర్చున్న మా ఆవిడ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని అంతసేపు నవ్వవలసిన అవసరం మాత్రం లేదని నా అభిప్రాయం.

నేను ఏ ముచ్చట చెప్పినా పదింట మూడు పాళ్లు కలిపి చెప్తానని మా చుట్టాల్లో ఒక మాట ఉంది. కాదనను. అయితే ఇప్పుడు చెప్పబోయేదాంట్లో కలిపింది చాలా తక్కువ. మహా అయితే హాల్లో జనం సంఖ్య, కెమెరా వయసు, అంతే. మిగతాదంతా నిజమని ఒప్పుకోవడానికి సాక్షి ఇంట్లోనే ఉంది, అదే నాకున్న ఇబ్బంది.

పందొమ్మిది వందల అరవైల చివర్లో నేను గనిలో ల్యాంపు రూములో పనికి కుదిరాను. మా తరం వాళ్లకు వివరంగా చెప్పనక్కర్లేదు, పిల్లలెవరైనా చదివితే వాళ్ల కోసం చెప్తున్నాను. గనిలోకి దిగే ప్రతి మనిషీ తన నంబరున్న ఇత్తడి టోకెన్ మా కిటికీలో ఇచ్చి, టోపీకి తగిలించుకునే దీపం తీసుకుపోతాడు. టోకెన్ పలకకు వేలాడుతూ ఉందంటే మనిషి భూమి లోపల ఉన్నట్టు, దీపం తిరిగొచ్చి టోకెన్ చేతికి పోయిందంటే పైకి వచ్చినట్టు. ఆ కిటికీలో కూర్చుని రోజుకు మూడు షిఫ్టుల ముఖాలు చూశాను. దిగేముందు ఒక రకంగా, ఎక్కాక ఒక రకంగా ఉండే ఆ ముఖాలను చూస్తుంటే, మద్రాసులో కూర్చుని రాజుల కథలు తీసేవాళ్లు ఇవి చూడలేదు కదా, చూసిన వాణ్ణి నేనే కదా, మరి సినిమా తియ్యవలసింది ఎవరు అనే ప్రశ్న వచ్చింది. జవాబు నాకు వెంటనే తట్టింది. ఆ రోజుల్లో నాకు అన్ని జవాబులూ వెంటనే తట్టేవి.

బస్టాండు దగ్గర ఫోటో స్టూడియో నడిపే భాయి ఒకాయన ఉండేవాడు. మా కార్మికుల గుర్తింపు కార్డులకు ఫోటోలన్నీ ఆయనే తీసేవాడు. హైదరాబాదులో తన మేనమామ దగ్గర చిన్న సినిమా కెమెరా ఉందనీ, తాళం తిప్పితే అరనిమిషం నడుస్తుందనీ, అడిగి తెస్తాననీ చెప్పాడు. "ఫికర్ నక్కో భాయ్, మై హూఁ నా" అని ధైర్యం చెప్పాడు. తెచ్చాడు. ఆ కెమెరా పెద్ద యుద్ధంలో విమానంలోంచి బర్మా అడవులను తీసిందని నేను తర్వాత చాలామందికి చెప్పాను. ఎవరూ కాదనలేదు కనుక అది నిజమే అయి ఉంటుంది. నా సైకిలు అమ్మితే రీళ్లు వచ్చాయి, అలా నిర్మాతను కూడా నేనే అయ్యాను.

కథ చిన్నది. గనికి పోయే భర్త, ఇంట్లో ఎదురుచూసే భార్య, ఒకరోజు షిఫ్టు సైరన్ మోగినా అతను ఇంటికి రాకపోవడం, చివరికి రావడం. మాటలుండవు, బొమ్మ మాత్రమే, మాటలన్నీ నేను తెర పక్కన మైకు పట్టుకుని చెప్తాను. హీరోగా మా పక్క క్వార్టరు తమ్ముడు దొరికాడు. ట్రాలీలు లాగే మిషను మీద పనిచేసేవాడు, వంకీల జుట్టు, పెళ్లి కాలేదు, కాలనీలో అద్దం ఎక్కువసార్లు చూసుకునే మనిషి. హీరోయిన్ దగ్గరే కథ ఆగింది. నలభై ఇళ్లు తిరిగాను, సినిమా అన్న మాట వినగానే తలుపులు పడ్డాయి. చివరికి పెళ్లయి ఏడాదైనా నిండని మా ఆవిడనే అడిగాను. ఆమె మూడు రోజులు ఆలోచించి, మా మామను అడగమంది.

ఇక్కడ మా మామ గురించి చెప్పాలి. ఆయన నస్పూర్ దిక్కు గనిలో సర్దారు. తన కింద పనిచేసే మనుషులను లోపలికి పంపేముందు చేతికర్రతో పైకప్పును తట్టి, చప్పుడు గట్టిగా వస్తే పదండి అని, డొల్లగా వస్తే వెనక్కి తగ్గండి అని చెప్పే ఉద్యోగం. ఇరవై ఏళ్లు ఆ పని చేసిన మనిషికి ఎవరి మాట మీదా నమ్మకముండదు, తన కన్ను, తన చెవి, తన కర్ర, ఈ మూడే. పైన కూడా ఆ కర్ర వదిలేవాడు కాదు. సంబంధం కుదుర్చుకోవడానికి వచ్చినప్పుడు మాట్లాడుతూ మాట్లాడుతూ మా ఇంటి గోడను కూడా ఒకసారి తట్టి చూశాడు.

నేను రైలెక్కి వెళ్లి అడిగితే, బీడీ పూర్తిగా కాల్చి, కొసను కర్రతో నలిపాడు. తర్వాత చెప్పాడు. బిడ్డ బొమ్మల్లో కనబడితే తప్పేమీ లేదట, దేవతలు కనబడటం లేదా అన్నాడు. కానీ పరాయి మగవాడి పక్కన నిలబడకూడదు, ఒకే జాగాలో ఒకే సమయంలో ఇద్దరూ ఉండకూడదు. "గా మాట తప్పినవనుకో అల్లుడా, గప్పుడే బిడ్డను తోల్కపోత. మల్ల నా గడప తొక్కకు" అన్నాడు. చేతిలో చెయ్యి వేసి ఒట్టు పెట్టాను. ఇంటికొచ్చి చెప్తే, మా ఆవిడ కూడా అదే మాట మీద నిలబడింది. బాపు రమ్మంటే ఆగనని, ముందే చెప్తున్నానని అంది.

అప్పుడు నేను పన్నిన ఉపాయం చూడండి. ఆ వారం తమ్ముడిది రెండో షిఫ్టు. పొద్దున ఎనిమిదింటికి మా క్వార్టరు ముందు నిలబెట్టి అతని ముక్కలన్నీ తీసేవాళ్లం. మధ్యాహ్నం అతను డ్యూటీకి పోయి గనిలోకి దిగాక, సాయంత్రం నాలుగింటికి అదే గడపలో మా ఆవిడను నిలబెట్టి ఆమె ముక్కలు తీసేవాళ్లం. ఆమె అంతటితో ఊరుకోలేదు. తమ్ముడి టోకెన్ పలక మీద వేలాడుతున్నదని నేను ల్యాంపు రూముకు పోయి కళ్లారా చూసి వచ్చి చెప్తే తప్ప కెమెరా ముందుకు వచ్చేది కాదు. నేను సెలవు పెట్టి మరీ రోజూ అటు పరుగెత్తి టోకెన్ చూసి వచ్చేవాణ్ణి. హీరో భూగర్భంలో ఉంటే తప్ప హీరోయిన్ బయటికి రాని సినిమా ప్రపంచంలో అదొక్కటే అని ఇప్పటికీ నా నమ్మకం.

మొత్తం కథలో గుండెకాయ లాంటిది గడప దగ్గరి ఘట్టం. భార్య క్యారేజీ అందిస్తుంది, భర్త అందుకుంటాడు, చూపులు కలుస్తాయి, అతను వెళ్లిపోతాడు. పొద్దున తమ్ముడు చెయ్యి చాపి గాలిలోంచి క్యారేజీ అందుకుని, మా తలుపు గొళ్లెం వైపు ప్రేమగా చూశాడు. సాయంత్రం మా ఆవిడ క్యారేజీ ముందుకు చాపింది. చాపి, దించేసి, వాకిలి వైపు చూసి ఒక మాట అంది.

"పొద్దుగాల నీడ బొగ్గుల కుప్ప దిక్కు పడ్డది. ఇప్పుడు నీళ్ల నల్లా దిక్కు వడుతున్నది. గిట్ల తీస్తే ఎట్ల కలుస్తది?"

నేను నవ్వాను. సినిమాలో ముఖాలు చూస్తారు గాని నీడలు ఎవరు చూస్తారని అన్నాను. భాయి కూడా నవ్వాడు. ఇప్పుడు ఆలోచిస్తే మా తప్పు ఎక్కడుందో తెలుస్తుంది. నేను ల్యాంపు రూములో కరెంటు దీపాల కింద బతికినవాణ్ణి, హీరో భూమి కింద బతికినవాడు, భాయి నల్ల పరదాల మధ్య బల్బులు పెట్టి ఫోటోలు తీసినవాడు. మా ముగ్గురికీ పొద్దంటే సైరన్, మాపంటే సైరన్. సూర్యుడు ఒకవైపు నుంచి ఇంకోవైపు పోతాడని చిన్నప్పుడు బడిలో విన్నదే తప్ప మాకు పనిబడింది లేదు. వడియాలు ఎండబెట్టి, బట్టలు ఆరవేసి, ఎండ జరిగినప్పుడల్లా చాప జరిపే మనిషి ఆ వాకిట్లో ఒక్కతే ఉంది, ఆమె మాట ఎవరూ వినలేదు.

రీళ్లు బొంబాయికి పోయి కడిగించుకుని వచ్చాయి. గడ్డం గీసుకునే బ్లేడుతో కోసి, జిగురుతో అతికించి, ముక్కలన్నీ బట్టల తీగకు వేలాడదీసి సినిమా పూర్తి చేశాను. ఒక ఆదివారం మధ్యాహ్నం కార్మికుల సంఘం హాల్లో ప్రదర్శన. కిటికీలకు గొంగళ్లు కట్టి చీకటి చేశాం. రెండు వేలమంది వచ్చారు. హాలు మూడువందల మందికే సరిపోతుంది గదా అని ఎవరైనా అంటారేమో, వాళ్లు ఆ రోజు లేరు. అందరికంటే ముందు వరసలో, మోకాళ్ల మధ్య కర్ర పెట్టుకుని, నస్పూర్ నుంచి ఇస్త్రీ చొక్కాతో వచ్చిన మా మామ. ఆడవాళ్ల వైపు మా ఆవిడ.

మొదటి పది నిమిషాలు నేను నేల మీద లేను. భాయి ప్రొజెక్టరు తిప్పుతుంటే తెర మీద మా కాలనీ, మా నల్లా, మా రోడ్డు. జనం తమ ఇళ్లను గుర్తుపట్టి పేర్లు పెట్టి అరుస్తున్నారు. తమ్ముడు టోపీ పెట్టుకుని వస్తుంటే ఈలలు. ఎక్కడా ఆగకుండా మైకులో నా గొంతు. గడప ఘట్టం వచ్చింది. మా ఆవిడ క్యారేజీ చాపింది. తమ్ముడు అందుకున్నాడు. రెండు ముక్కలు అతికించిన చోట ఎవరికీ అతుకు కనబడలేదు, గాలిలో చాపిన క్యారేజీ గాలిలోంచి అందుకున్న చేతిలోకి పోయింది, రెండు వేలమంది కళ్ల ముందు పోయింది. నా సంతోషానికి అంతు లేకపోయింది, ఆ సంతోషంలో నా నోరు, రాసుకున్న కాగితాన్ని దాటి ముందుకు పోయింది. అందిస్తున్నప్పుడు ఆమె వేళ్లు అతని వేళ్లకు తగిలాయని, ఆ స్పర్శే అతనికి గనిలో దీపమని, మైకులో అనేశాను.

ముందు వరసలో కర్ర నేలను తాకిన చప్పుడు వినబడింది.

మామ లేచి నిలబడ్డాడు. ఆయన తల నీడ తెర మీద సగం గడపను కప్పేసింది. ఆపమన్నాడు. భాయి ఆపాడు. ఎవరో ఒక కిటికీకి గొంగడి తీసేశారు, మధ్యాహ్నపు ఎండ లోపలికొచ్చింది, తెర వెలవెలబోయింది. మామ నా వైపు తిరిగి, అరవకుండా, గనిలో మనుషులను వెనక్కి రమ్మని చెప్పే గొంతుతో అడిగాడు.

"నా బిడ్డ గా పోరని చేతిల గిన్నె వెట్టింది. నా కండ్లతోని సూసిన. వేళ్లు తాకినయని నువ్వే చెప్పినవు. ఇగ ఏమంటవు?"

నేను టోకెన్ సంగతి చెప్పాను. ఆమెను తీసినప్పుడల్లా అతని టోకెన్ పలక మీదే ఉందని, అతను భూమి లోపల ఉన్నాడని చెప్పాను. టోకెన్ ఎవడైనా వేలాడదీయొచ్చు, అది చూసినవాడివి నువ్వే, మైకులో మాట్లాడినవాడివీ నువ్వే అన్నాడు. సరైన మాటే. ఆడవాళ్ల వైపు నుంచి గుసగుసలు మొదలయ్యాయి. తమ్ముడి అద్దం చూసుకునే ముఖం కాస్తా తెల్లగా పాలిపోయి తలుపు దగ్గరికి చేరింది. మామ తన బిడ్డ వైపు చూసి, "పెట్టె సదురుకో బిడ్డా, మాపటి బండికి పోదాం" అన్నాడు.

మా ఆవిడ లేచింది. పెట్టె సర్దడానికే లేచిందనుకున్నాను. ఆమె కొంగు భుజం మీదికి సర్దుకుని, తండ్రి వైపే చూస్తూ అంది.

"వస్త బాపూ. గాని ఒక్కపాలి నీడలు సూడు. తర్వాత పోదాం."

మామకు అర్థం కాలేదు. నాకు అయింది. అయినవాణ్ణి కనుకనే నోరు మూసుకున్నాను. ఎందుకంటే ఆ నీడలు చూపిస్తే నా సినిమా అక్కడే చస్తుంది. ఇప్పటిదాకా ఒక్కరికీ కనబడని అతుకు రెండు వేలమందికీ కనబడుతుంది, మళ్లీ ఎప్పటికీ ఎవరూ ఆ గడపను నమ్మరు. ఒక క్షణం నాకు ఇంకో దారి కూడా కనబడింది, అది కళ అని, దానికో పెద్ద అర్థం ఉందని ఏదో ఒకటి అల్లి చెప్పడం. నా నోట్లో సగం తయారైంది కూడా. మామ కర్రతో నా ముందున్న నేలను మెల్లగా రెండుసార్లు తట్టాడు.

"సిన్మ తప్పన్న గావాలె, నీ ఒట్టు తప్పన్న గావాలె. ఏది తప్పో నువ్వే చెప్పు అల్లుడా."

నేను మైకు నోటి దగ్గరికి తెచ్చుకున్నాను. అది ఎందుకు తెచ్చుకున్నానో తెలియదు, మామ మూడడుగుల దూరంలోనే ఉన్నాడు.

"సిన్మ తప్పు మామా" అన్నాను. "ఎండ సూసుకోలేదు. పొద్దుగాల ఆయన్ని తీసిన, మాపటికి ఈమెను తీసిన. వేళ్లు తాకినయన్నది నేను కలిపిన మాట."

ఆ మాట మైకులో హాలంతా వినబడింది. నేను జీవితంలో మైకులో చెప్పిన మొదటి నిజం అదేనని మా ఆవిడ ఇప్పటికీ అంటుంది.

గొంగడి మళ్లీ కట్టారు. రీలు వెనక్కి తిప్పి గడప ఘట్టాన్ని మళ్లీ వేశాం. మామ తెర దగ్గరికి పోయి నిలబడ్డాడు. మా ఆవిడ క్యారేజీ చాపినప్పుడు ఆమె నీడ కుడివైపున, నల్లా మీద ఉంది. మామ కర్ర కొసను ఆ నీడ మీద పెట్టాడు. తమ్ముడు అందుకున్నప్పుడు అతని నీడ ఎడమవైపున, బొగ్గుల కుప్ప మీద ఉంది. కర్ర అక్కడికి పోయింది. ఇంకోసారి వెయ్యమన్నాడు. ఇంకోసారి వేశాం. పైకప్పును తట్టి చూసినట్టే చూశాడు, ఒకసారి నమ్మి ఊరుకునే మనిషి కాదు. మూడోసారి అయ్యాక జనం వైపు తిరిగాడు.

"గిది పొద్దటి ఎండ. గిది మాపటి ఎండ. నా బిడ్డ ఒక్కతే ఉన్నది. కూసోండ్రి, సూడుండ్రి" అని తన కుర్చీలో కూర్చున్నాడు.

ఆ తర్వాత నా సినిమా ఏమైందో చెప్పాలా? భర్త ఇంటికి రాని ఘట్టంలో ఆడవాళ్లు ఏడవాలని నేను ఎంత రాసుకున్నానో. ఎవరూ ఏడవలేదు. హాలంతా నీడలే చూశారు. బొమ్మ మారినప్పుడల్లా "పొద్దుగాల" అని ఒకవైపు, "మాపు" అని ఇంకోవైపు అరిచారు. తమ్ముడు నల్లా దగ్గర మూతి కడుక్కుంటుంటే మూతి పొద్దున, నీళ్లు సాయంత్రం అని ఎవరో కనిపెట్టారు. చివర్లో అతను ఇల్లు చేరగానే, పొద్దున బయలుదేరినవాడు పొద్దున్నే ఎట్లా చేరాడని ఒక ముసలి కాక నిలదీశాడు. నవ్వి నవ్వి జనం బెంచీల మీద నుంచి జారారు. తెర పక్కన మైకు పట్టుకుని నేను కూడా నవ్వానని చెప్పుకోవాలి, కానీ నవ్వలేదు. మామ నవ్వాడు. ఆయన పళ్లు నేను అప్పుడే మొదటిసారి చూశాను. ఆ పూట మా ఇంట్లోనే భోంచేసి, మాపటి బండికి ఒక్కడే పోయాడు. పోయేముందు బిడ్డను ఒక్క మాట అడిగాడు, నీడ సంగతి ముందే చెప్పావా అని. చెప్పాను బాపూ, ఇనలేదు అంది ఆమె. ఆయన నా వైపు చూసిన చూపును మాత్రం రాయలేను.

ఆ సినిమాను నేను దాచిపెట్టేద్దామనుకున్నాను. కాలనీలు ఒప్పుకోలేదు. నస్పూర్ వాళ్లు పిలిచారు, తర్వాత కొత్తగూడెం దాకా పోయింది. ఎక్కడికి పోయినా గడప దగ్గర ఆపి, గొంగడి తీయించి, "సిన్మ తప్పు" అని నా నోటితో నేను చెప్పాలి, అదీ పద్ధతి. చెప్పకపోతే జనం కదిలేవారు కాదు. రీళ్లు భుజాన వేసుకుని బస్సుల్లో, లారీల్లో తిరిగిన ఆ మూడు నాలుగేళ్లే నా సినిమా జీవితం అని ఇప్పుడు అనిపిస్తుంది. రెండో సినిమా తీశాను. ఈసారి మా ఆవిడ వాకిట్లో కర్ర పాతి, దాని నీడ పక్కన ముగ్గుతో గీత గీసి, నీడ గీత దాటితే కెమెరా ముయ్యమంది. అంత పక్కాగా తీసిన సినిమా నేను తర్వాత ఎక్కడా చూడలేదు. ఒక్క నీడ కూడా తప్పిపోలేదు. ఆట మధ్యలోనే జనం లేచి, ఇది కాదన్నా, ఆ నీడలది ఎయ్యి అన్నారు. మూడోది మొదలుపెట్టి, తమ్ముడు పెళ్లి చేసుకుని భార్య మాట మీద హీరో పని మానేయడంతో ఆపేశాను. ఆపకపోతే ఏమయ్యేదో చెప్పి మిమ్మల్ని కష్టపెట్టను.

మామ పోయి చాలా ఏళ్లయింది. చివరికి మిగిలిన ఒక్క రీలు అట్టపెట్టెలోనే చెమ్మకు అతుక్కుపోయి, బొమ్మ ఏదో గడప ఏదో తెలియకుండా ఒకే ముద్దయింది. ఆ హాలు ఇప్పుడు బియ్యం గోదాము. ప్రతి ఇంట్లో టీవీ వచ్చింది, రాత్రీ పగలూ ఎవరో ఒకరు ఏదో ఒకటి చూపిస్తూనే ఉన్నారు, చూసేవాళ్లు అన్నం తింటూ, ఫోను మాట్లాడుతూ, తలుపు వేసుకుని ఎవరి గదిలో వాళ్లు చూస్తున్నారు. నేను చూసినంతలో నాకంటే పెద్ద అబద్ధాలే చూపిస్తున్నారు, అతుకులు నా అతుకుల కంటే బాగున్నాయి. మళ్లీ ఒక సినిమా తియ్యరాదా అని మా వాళ్లు సరదాకి అడుగుతుంటారు. తీయడం నాకేమీ కష్టం కాదు, ఇప్పటికీ ఈ ప్రాంతంలో నాకంటే బాగా తీసేవాడు లేడు. కానీ ముందు వరసలో కూర్చుని, నచ్చకపోతే లేచి నిలబడి, కరెంటు ఆపించి, ఇది నిజమా అని నన్ను నా ముఖం మీదే అడిగే మనిషి ఒకడు ఉండాలి. అలాంటి మనిషి కోసమే గదా తీసేది. ఆ కుర్చీ ఖాళీ అయ్యాక ఎవరికి భయపడి ఎండ చూసుకోను?